ఇటలీ క్యారెక్టర్ నటుడి గురించి రాయబోతున్న మేనకోడలికి

చిరంజీవి మేనకోడలికి మామయ్య ఆశీస్సులు.

ఇటలీ సినిమాల్లో చిన్న పాత్రలతోనే జీవితమంతా గడిపిన ఒక నటుడి గురించి పెద్ద వ్యాసం రాయాలని ఉందనీ, ఎవరిని తీసుకోవాలో, ఎక్కడ మొదలుపెట్టాలో చెప్పమనీ అడిగావు. లెయొపోల్దో త్రియెస్తేని తీసుకో. పేరు కొత్తగా అనిపించినా ఆయన ముఖం నీకు తెలిసినదే. ‘సినిమా పారడైసో’ (1988)లో ఊరివాళ్లకంటే ముందు ఒంటరిగా కూర్చుని బొమ్మ చూస్తూ, తెర మీద ముద్దు కనిపించినప్పుడల్లా అక్కడ కత్తిరించమని చేతిగంట మోగించే ఫాదర్ ఆయనే.

ఆయన నటించిన సినిమాల పట్టికతో మాత్రం మొదలుపెట్టకు. ఒక్క సన్నివేశం ఎంచుకుని, అది నీకు కంఠస్థమయ్యేదాకా చూడు. ‘గాడ్‌ఫాదర్’ రెండో భాగం (1974)లో ఆయన రొబెర్తో అనే ఇంటి యజమాని. కుక్కను పెంచుతున్నదని ఒక వితంతువును ఖాళీ చేయమన్న ఆ మనిషి, ఆమె తరఫున వీధిలో మాట్లాడవచ్చిన యువకుణ్ణి మొదట కసురుకుంటాడు. అతడెవరో వాకబు చేసి తెలుసుకున్నాక అతని కార్యాలయానికి తానే పరుగెత్తుకొస్తాడు. ఆ యువకుడి దగ్గర తీసుకున్న డబ్బు తిరిగి ఇచ్చేస్తాడు, పాత అద్దెకే ఉండనిస్తానంటాడు, ఎదుటివాడు ఉలకకపోయేసరికి తనంతట తానే ఐదు డాలర్లు, ఆపైన పది డాలర్లు తగ్గిస్తాడు, చివరికి బయటపడదామంటే తలుపు తెరుచుకోదు. దీన్ని ఒకసారి శబ్దం తీసేసి చూడు. ఆ యువకుడిగా వేసిన రాబర్ట్ డి నీరో అక్కడ దాదాపు ఏమీ చేయడు. అతని పాత్ర ఊళ్లో ఎంత పెద్దవాడయ్యాడో మనకు తెలిసేది త్రియెస్తే చేతుల కంగారులోనూ, అతికించుకున్న నవ్వులోనూ. కథానాయకుడి బలాన్ని ప్రేక్షకుడి కళ్ల ముందు నిలబెట్టే పని ఇక్కడ సహాయ నటుడిది, నీ వ్యాసానికి వెన్నెముక కూడా అదే కావాలి.

ఇది గట్టిగా చెప్పడానికి కారణం ఉంది. ఇలాంటి నటుల గురించి రాసేవారిలో చాలామంది, పాపం హీరో కాలేకపోయాడన్న జాలితో మొదలుపెట్టి జాలితోనే ముగిస్తారు. త్రియెస్తే విషయంలో అది పూర్తిగా తప్పు. 1917లో రెజ్జో కలాబ్రియాలో పుట్టిన ఆయన, నాటకకర్తగా పేరు తెచ్చుకున్నాకే తెర మీదికి వచ్చాడు. దర్శకుడు ఫెల్లీని 1952లో ‘ది వైట్ షేక్’లో ఆయనకిచ్చినది ప్రధాన పాత్రే: కొత్త పెళ్లికూతురు రోములో కనిపించకుండా పోతే, బంధువుల ముందు పరువు దక్కించుకోవడానికి నానా పాట్లూ పడే వరుడి పాత్ర. మరుసటి ఏడాది ‘ఇ వితెల్లోని’లో నాటకాలు రాయాలని కలలు కనే యువకుడిగా వేశాడు, ఆ పాత్ర పేరు కూడా లెయొపోల్దోయే. ఆ పాత్రనూ ఆ మనిషినీ ఒకటి చేసి రాయకు; పాత్ర తన నాటకాన్ని ఎవరైనా వింటే చాలనుకుంటుంది, అప్పటికే ఆయన నాటకాలు రంగస్థలం ఎక్కాయి.

దర్శకుడు పియెత్రో జెర్మి సినిమాలకు ఎక్కువ చోటివ్వు. ‘డివోర్స్ ఇటాలియన్ స్టైల్’ (1961)లో భార్య పాత ప్రేమికుడైన చిత్రకారుడి పాత్ర బాగుంటుంది గానీ, నా దృష్టిలో ఆయన శిఖరం 1964 నాటి ‘సెదోత్తా ఎ అబ్బందొనాతా’. అందులో ఆయన పళ్లూడి, ఆస్తి కరిగి, చావడానికి ప్రయత్నించి అదీ చేతకాక మిగిలిన బారన్. ఆ మనిషిని ఎగతాళి చేస్తున్నట్టు ఒక్క క్షణం కూడా నటించడు, తన వంశగౌరవాన్ని నిజంగా నమ్మినవాడిలాగే కూర్చుంటాడు, లేస్తాడు. మనకు నవ్వు వచ్చేది అందువల్లనే.

ఆ పాత్రకు ఆయనకు ఇటలీ సినీ పాత్రికేయులిచ్చే నాస్త్రో దార్జెంతో బహుమతి వచ్చింది. బహుమతుల గురించి రాసేటప్పుడు ఒకటి గుర్తుంచుకో: ఇటలీలో పెద్ద సినిమా బహుమతులైన దావిద్ ది దొనతెల్లో వారు సహాయ నటుల విభాగం పెట్టిందే 1981లో. కాబట్టి అంతకుముందు తరం వారి ఖాతాలో ఆ బహుమతి లేకపోవడాన్ని లోటుగా లెక్కించకూడదు. త్రియెస్తేకి అది 1996లో, జుసెప్పె తొర్నతోరె తీసిన ‘లుయోమొ దెల్లె స్తెల్లె’కు దక్కింది.

గొంతు గురించి రాసే ముందు మరింత జాగ్రత్తపడు. ఆ రోజుల్లో చాలా ఇటాలియన్ చిత్రాలకు మాటలను తరువాత స్టూడియోలో చేర్చేవారు, అవి తెర మీద కనిపించే నటుడి మాటలే కావాలన్న నియమం లేదు. మారియో మొనిచెల్లి తీసిన ‘ఇ సోలితి ఇన్యోతి’ (1958)లో తిండిపోతు ముసలి దొంగ కపన్నెల్లే ఉన్నాడు చూడు, ఆ పాత్ర వేసిన కార్లో పిసకానె నేపుల్స్ వాడు, వినిపించేది మాత్రం మరొకరు చెప్పిన, ఉత్తరాది నగరం బొలోన్యా యాస. అదే సినిమాలో చెల్లెల్ని కట్టడిలో ఉంచే సిసిలీ అన్నగా వేసిన తిబేరియో ముర్జా అసలు సార్డీనియా వాడు, రోములో ఒక హోటల్లో గిన్నెలు కడుగుతుండగా ఆ అవకాశం వచ్చింది. అతనికీ వేరొకరే గొంతిచ్చారు, ఆ తరువాత ఏళ్ల తరబడి అతన్ని సిసిలీ వాడిగానే చూపించారు. కనుక ‘ఆయన గొంతులోని మాధుర్యం’ వంటి మాట రాసే ముందు, ఆ సినిమాకు డబ్బింగ్ ఎవరు చెప్పారో వెతికి చూసుకో. తెలియకపోతే శరీరం గురించే రాయి, అక్కడ చెప్పడానికి కావలసినంత ఉంది.

మొదటి చిత్తుప్రతిలో మూడు సన్నివేశాలకు మించకుండా రాసి పంపు. ఏ సన్నివేశంలో ఆయన ఎన్ని నిమిషాలు తెర మీద ఉన్నాడో గడియారం పెట్టుకుని చూసి పక్కనే రాయి, మిగతాది చదివాక మాట్లాడుకుందాం.

ఆశీస్సులతో,
మామయ్య