మీ చేనిలో పడిన వాన వంకలో కలిసేదాకా మీదే

ప్రశ్న: మాది పలమనేరు దగ్గర పల్లె. భర్త చనిపోయాక నా పేరు మీదికి వచ్చిన రెండెకరాల మెట్టలో, పల్లపు మూలన ఉపాధి హామీ కింద పంట కుంట తవ్వారు. జాబ్ కార్డు నాదే, ఆ పనిలో నేనూ మట్టి మోశాను. ఇప్పుడు కింది చేను ఆయన ‘ప్రభుత్వ డబ్బుతో తవ్విన కుంట నీ సొంతం కాదు, మాకు రావలసిన నీళ్లు ఆపుతున్నావు, పూడ్చేస్తాను’ అంటున్నారు. నేనేం చేయాలి?

జవాబు: అమ్మా, కుంట మీదే. ఎస్సీ, ఎస్టీ కుటుంబాలు, ఆడవారే ఇంటి పెద్దగా ఉన్న కుటుంబాలు మొదలైన వారి సొంత భూముల్లో ఇలాంటి పనులు చేయవచ్చని 2005 నాటి ఉపాధి హామీ చట్టం మొదటి షెడ్యూలే చెప్పింది. ఆ ఇంటికి జాబ్ కార్డు ఉండాలి, కనీసం ఒకరు ఆ పనికి రావాలి. మీరు మట్టి మోసి మరీ ఆ షరతు తీర్చారు. కూలి ప్రభుత్వం ఇచ్చినంత మాత్రాన భూమి చేతులు మారదు.

నీళ్ల సంగతికి వస్తే, మన ప్రాంతం మద్రాసు ప్రెసిడెన్సీలో ఉన్న రోజుల నుంచీ అమలులో ఉన్న 1882 నాటి ఈజ్‌మెంట్ల (ఇరుగుపొరుగు భూముల మధ్య దారి, నీటి వంటి హక్కుల) చట్టం చూడాలి. అందులోని 7వ సెక్షన్ ఉదాహరణల ప్రకారం, నిర్దిష్టమైన ప్రవాహంగా కాకుండా నేల మీద పారే నీటిని ఎవరి హద్దుల్లో వారు నిలుపుకోవచ్చు. సహజమైన వంకలో పారే నీటిని మాత్రం కింది వారికి అందకుండా ఆపకూడదు, దారి మళ్లించకూడదు. అంటే మీ కుంటలోకి వచ్చేది మీ చేని వాన నీరా, వంక నీరా అన్నదే తేల్చుకోవాలి. సచివాలయంలోని సర్వేయరును అడిగి మీ సర్వే నంబరు ఎఫ్ఎంబీ (చేని కొలతలు, హద్దులు చూపే పటం) నకలు తీసుకోండి. వంక గీత కుంట మీదుగా పోకపోతే మీ పక్షం గట్టిదే.

ఇక్కడ ఒక మాట నిక్కచ్చిగా చెప్పాలి. పై చేని నుంచి సహజంగా జారే నీటిని కింది రైతు రానివ్వాల్సిందే. కానీ కుంట నిండాక మిగులు నీరంతా మరవ (మిగులు నీరు బయటికి పోయే దారి) దగ్గర ఒక్క చోటే ఉరికి, ఆయన గట్టు కోసి, ఎర్రమట్టిని పైరు మీద పరిస్తే అది సహజంగా జారిన నీరు కాదు. అప్పుడు ఆయన ఫిర్యాదులో న్యాయం ఉంటుంది. వాన కురిసే రోజున మరవ దగ్గర నిలబడి మీ కళ్లతో చూడండి. కోత కనిపిస్తే అక్కడ రాళ్లు పరిపించి, నీరు పాత వాలులోనే పోయేలా చేయండి. ఆయననూ పిలిచి చూపించండి. ఎందరో రైతులు ఈ చిన్న పని చేయక ఏళ్లకేళ్లు కోర్టు మెట్లెక్కుతున్నారు. నాకు అదే బాధ.

అయినా పూడ్చడానికి వస్తే, సేద్యపు నీటికి గండి కొట్టడం భారతీయ న్యాయ సంహిత 326వ సెక్షన్ కింద 5 ఏళ్ల దాకా జైలు శిక్ష పడే నేరం. అంతదాకా రానివ్వకుండా ముందే సివిల్ కోర్టులో నిషేధ ఉత్తర్వు కోరవచ్చు. పాసుపుస్తకం, అడంగల్, జాబ్ కార్డు, ఎఫ్ఎంబీ నకలు, కుంట ఫొటోలు దగ్గర ఉంచుకోండి. ఖర్చుకు భయపడకండి. ఆదాయంతో పని లేకుండా మహిళలందరికీ 1987 నాటి న్యాయ సేవల చట్టం ఉచితంగా వకీలును ఇస్తుంది. చిత్తూరులోని జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో తెల్ల కాగితం మీద అర్జీ రాసి ఇవ్వండి.