వార్డెన్ గొంతులో ప్రేమ వినిపించాలి

హైదరాబాద్

అమ్మాయీ,

నీ కథను రెండుసార్లు చదివాను. రెండోసారి కోపంతో చదివాను. 2150లో, ఎక్కడిదో తెలియని నగరంలో నువ్వు కట్టిన ‘స్త్రీ సంస్కార కేంద్రం’లో కరెంటు కంచె ఉంది, లాఠీలు పట్టిన మగవాళ్లు ఉన్నారు, అమ్మాయిల మెడల మీద అంకెలు ఉన్నాయి. అంతమంది అమ్మాయిలు ఆ కేంద్రం చెప్పినదాన్ని ఎందుకు నమ్మారన్నది మాత్రం ఎక్కడా లేదు. లొంగదీయడం వేరు, నమ్మించడం వేరు. నువ్వు జైలును రాసి దానికి బడి అని పేరు పెట్టావు.

కెనడా రచయిత్రి మార్గరెట్ ఆట్‌వుడ్ 1985లో వెలువరించిన ‘ది హ్యాండ్‌మెయిడ్స్ టేల్’ నవలలో, పెద్దల ఇళ్లకు పిల్లల్ని కని ఇచ్చేలా ఆడవాళ్లను తయారుచేసే శిక్షణ కేంద్రాన్ని నడిపేది ఆడవాళ్లే, వాళ్లను ‘ఆంట్’ అని పిలవాలి. అత్యాచారానికి గురైన అమ్మాయిని మధ్యలో కూర్చోబెట్టి తప్పెవరిదని అడిగితే, చుట్టూ ఉన్న తోటి అమ్మాయిలే ‘ఆమెదే’ అని ఒక్క గొంతుతో అంటారు. చరిత్రలో ఎక్కడా జరగనిదేదీ ఆ నవలలో పెట్టలేదని ఆవిడ చెప్పారు. 1966లో గర్భస్రావాన్ని నిషేధించిన రుమేనియాలో, ఆ తరువాతి కాలంలో, పనిచేసే చోట్లనే ఆడవాళ్లకు గర్భపరీక్షలు జరిపించారని తెలిసినవారికి ఆ మాట అతిశయోక్తి అనిపించదు.

మనం అంత దూరం పోనక్కరలేదు. నా ఏడో ఏట మా నాయనమ్మ నాచేత కుమారీ శతకం వల్లె వేయించింది. అత్తవారింట ఎలా మెలగాలో చెప్పే పద్యం తప్పు లేకుండా అప్పజెప్పిన రోజున తల నిమిరి బెల్లం ముక్క పెట్టేది. ఆ చేతిని నేను ఈనాటికీ ద్వేషించలేకపోతున్నాను.

ముప్పై ఏళ్ల కిందట ఒక హాస్టల్ వార్డెన్ మీద కథ రాసి ఒక వారపత్రికకు పంపాను. గేటుకు తాళం వేసే ఆవిడే జ్వరం వచ్చిన పిల్ల నుదుటి మీద తెల్లవార్లూ తడిగుడ్డ మార్చిందని అందులో రాశాను. దుష్టపాత్ర మీద సానుభూతి దేనికని సంపాదకుడు ఆ పేరా కొట్టేసి అచ్చువేశాడు. కథ ప్రాణం అదే. ఇప్పుడు భవిష్యత్తు కథ అనగానే సంపాదకులు కెమెరాలూ యంత్రాలూ అడుగుతున్నారు, వార్డెన్ మాత్రం వాళ్లకు ఇంకా రాక్షసిగానే కావాలి. నువ్వు వాళ్ల కోసం రాయకు. అమీర్‌పేటలో ఏ లేడీస్ హాస్టల్ గేటు దగ్గరైనా రాత్రి తాళం వేసేవేళ నిలబడి, ‘మీ మంచికే కదమ్మా చెబుతున్నాను’ అనే గొంతును శ్రద్ధగా విను.

విడుదలై బయటికి వచ్చిన నీ నాయిక, బస్సులో ఎవరో తెలియని అమ్మాయి చున్నీ జారితే, తనకు తెలియకుండానే చెయ్యి చాచి సర్దుతుంది. అది చదివి కాగితాలు పక్కన పెట్టి చాలాసేపు కూర్చున్నాను. కంచె తీసేయి, లాఠీలు తీసేయి, ఆ నాలుగు వాక్యాలలో అక్షరం కూడా మార్చకుండా మిగతా కథ మళ్లీ రాసి పంపు.

ఆశీస్సులతో,
నీ పెద్దమ్మ వంటి పాఠకురాలు