మీ మాయాద్వారానికి ఒక రుతువు పెట్టండి

మీ కథలో మాయాద్వారంలోంచి సరుకు క్షణంలో అవతలికి చేరిపోతుంటే దారిలో ఊళ్లు, సత్రాలు ఎందుకుంటాయని అడిగారు కదా. ద్వారాన్ని మాత్రం తీసేయకండి, కథకు ప్రాణం అదే. దానికో రుతువు పెట్టండి.

తెరచాపల కాలంలో హిందూ మహాసముద్రం మీద నైరుతి గాలికి వచ్చిన ఓడలు, తిరిగి వెళ్లడానికి ఈశాన్య గాలి వీచేదాకా నెలల తరబడి రేవుల్లోనే ఆగేవి. ఆ ఎదురుచూపుల్లోనే గిడ్డంగులు, అప్పులిచ్చేవాళ్లు, దుబాసీలు, పరాయి రేవులో పెళ్లిళ్లు, రెండు భాషలు మాట్లాడే పిల్లలు! మీ ద్వారాన్నీ ఆరు నెలలు అటు, ఆరు నెలలు ఇటు మాత్రమే తెరుచుకోనివ్వండి.

బరువుకూ హద్దు పెడితే మిరియాలు, రత్నాలు ద్వారంలోంచి పోతాయి. ఉప్పు, ధాన్యం బళ్ల మీదే నడుస్తాయి. నాకైతే ఆ బళ్లవాళ్ల కథే చదవాలనుంది.