మధ్యలో మీరెందుకమ్మా?

“మాది పాలకొల్లు దగ్గర పల్లెటూరు. బాబు తొమ్మిదో తరగతి. స్కూల్ కంప్యూటర్ ల్యాబ్‌లో బ్లాక్ చేసిన గేమ్స్‌ని ఏదో ప్రాక్సీ సైట్‌లో తెరిచి ఆడాడట, ఇంకో నలుగురికి నేర్పాడట. ప్రిన్సిపాల్ పిలిచి నా చేత సంతకం పెట్టించుకున్నారు. మావారికి రొయ్యల చెరువులు, కోపం ఎక్కువ. ఆయనకు చెప్పకుండా దాచాను. ఒకటే టెన్షన్. ఈ గేమ్స్ పూర్తిగా ఆగే దారి చెప్పండి. లేదా విజయవాడ హాస్టల్లో వేసేయమంటారా?” — ఒక తల్లి

అమ్మా, అలాంటి దారి లేదు. స్కూలువాళ్లు సైట్ పేరు చూసి ఆపుతారు. అదే ఆట మర్నాడు ఇంకో పేరుతో తెరుచుకుంటుంది. ఒకప్పుడు ఇలాంటి ఆటల్ని నడిపించిన ఫ్లాష్ అనే సాఫ్ట్‌వేర్ 2020 ఆఖరుకి పోయింది, ఆటలు పోలేదు. ఇప్పుడు అది లేకుండానే బ్రౌజర్లో నడుస్తున్నాయి. ఒకచోట గండి పూడిస్తే ఇంకోచోట పడుతుంది. హాస్టల్ మాట మర్చిపోండి. ఒక్కటి మాత్రం చేయండి. ముక్కూ మొహం తెలియని ప్రాక్సీలో బాబు పాస్‌వర్డ్ ఏదైనా కొట్టి ఉంటే అది ఆ సైట్ నడిపేవాళ్ల చేతిలో పడొచ్చు. ఈరోజే మార్పించండి.

నన్ను బాధపెట్టింది మీ ఉత్తరంలో ఇంకో మాట. మీవారు రాత్రి పదింటికి చెరువు నుంచి వచ్చి, కాళ్లు కడుక్కుంటూ “వాడు తిన్నాడా?” అని మిమ్మల్ని అడుగుతారని రాశారు. వాడేమో ఆ హాల్లోనే, మంచం మీద ఉంటాడు. బూట్లకి డబ్బులు కావాలన్నా వాడు మీ చెవిలోనే చెబుతాడు. ప్రాక్సీ అంటే ఏమిటో బాబునే అడగండి. ఇటు మాట అటు, అటు మాట ఇటు మోసేది. మీ ఇంట్లో ఆ పని మీరు చేస్తున్నారు. స్కూల్ గేటు దగ్గర మీరు “నాన్నకి తెలీనివ్వకు” అన్నారు చూడండి, ఆటల కన్నా నాకు భయం వేసింది ఆ మాటకే. దొంగచాటు పని అమ్మే చేయిస్తుంటే వాడు ఇంకెక్కడ ఆగుతాడు?

ఆయన కోపిష్టి అన్నారు గానీ చెయ్యి చేసుకుంటారని ఎక్కడా రాయలేదు. కొట్టే మనిషైతే వెంటనే మళ్లీ రాయండి, అప్పుడు నా సలహా వేరు. కాకపోతే ఈ రాత్రికే, అన్నం పెట్టాక, జరిగింది జరిగినట్టు చెప్పండి. దాచింది మీరేనని కూడా చెప్పండి. చెక్ ట్రే పైకి లాగి రొయ్య మేత తిందో లేదో రోజూ చూసుకునే మనిషి, కన్నకొడుకు ఏం చేస్తున్నాడో ఒక పూట చూసుకోలేరా? చూడాలి. అది తండ్రి పని, మీరు చేసిపెట్టేది కాదు.

ఆదివారం పొద్దున్నే వాణ్ణి చెరువుకి తీసుకెళ్లమనండి. సోమవారం ఇద్దరూ స్కూలుకి వెళ్లాలి. వాడు ల్యాబ్ మాస్టారికి క్షమాపణ చెప్పాలి, నలుగురికి నేర్పినందుకు కూడా. దారిలో ఏం మాట్లాడుకుంటారో వాళ్లిష్టం. మీరు మాత్రం బండెక్కకండి.