అవ్వకు తెలిసిన బండబల్లి

"మదనపల్లె వైపు కొండల్లో 2020లో కూడా కొత్త బల్లి జాతి బయటపడిందంటే, అంతవరకు దాన్ని ఎవరూ చూడలేదా?" అని ఒకరు నన్ను అడిగారు. చూశారు. ఆ గుట్టల మధ్య పెరిగినవాడిగా ఈ మాట గట్టిగా చెప్పగలను.

నాకు పదేళ్ల వయసులో, సీతాఫలాల కాలంలో, మా అవ్వ వెంట ఊరి గుట్ట ఎక్కాను. మిట్టమధ్యాహ్నపు ఎండకు తాళలేక, ఒకదానిమీద ఒకటి ఒరిగిన రెండు పెద్ద గుండ్ల కిందికి దూరాము. బయట బండ కాలిపోతున్నా లోపలి రాయి నీళ్లకుండలా చల్లగా ఉంది. ఆ రాతిని కరుచుకొని, రాతి రంగులోనే, వేలెడు పొడవైనా లేని బల్లి ఒకటి తల ఎత్తి మమ్మల్ని చూసింది. దాని కంటిపాప గుండ్రంగా ఉంది. వేళ్లు సన్నగా ఉన్నాయి, ఇంటి గోడమీది బల్లికుండే వెడల్పాటి మెత్తలు వాటికి లేవు. "అది ఇంటిబల్లి కాదు నాయనా, బండబల్లి. గుండు సందు వదిలి రాదు" అని అవ్వ చెప్పింది.

సరీసృపాల శాస్త్రవేత్త ఇషాన్ అగర్వాల్, ఆయన సహచరులు 2020లో మదనపల్లె దగ్గరి రిషివ్యాలీ లోయ పేరు పెట్టి కొత్త జాతిగా వర్ణించిన, నెమాస్పిస్ అనే ప్రజాతికి చెందిన బల్లి ఫొటో చూడగానే నాకు ఆ మధ్యాహ్నమే గుర్తుకు వచ్చింది. నేను చూసినది అదేనని నా నమ్మకం. చుట్టూ వాతావరణం ఎంత మారినా, గ్రానైటు గుండ్ల సందులే ఈ బల్లుల వంశానికి మయోసీన్ యుగం నుండి, అంటే కనీసం 50 లక్షల ఏళ్లుగా, ఆశ్రయమిచ్చాయని వారు వ్రాశారు. అవ్వ ఒక్క వాక్యంలో చెప్పినదానికి ఇది ఎంతో దగ్గరగా ఉంది. ఆ లోయ పేరే 2016లో నేలమీద తిరిగే ఒక బల్లికీ, 2020లోనే బండలమీద తిరిగే మరొక బల్లికీ పెట్టారు. ఒక్క లోయ పేరు మూడు బల్లులకు!

మన పంచాంగాలలో బల్లి ఏ అవయవం మీద పడితే ఏ ఫలమో పట్టిక ఉంటుంది కాని, ఆ పడినది ఏ బల్లి అన్న ప్రశ్న ఉండదు. ఇన్ని రకాలను ఒకే మాటతో పిలిచి ఊరుకోవడం నాకు బాధగానే ఉంటుంది. అంతకంటే పెద్ద బాధ క్వారీలది. మేము తలదాచుకున్న ఆ రెండు గుండ్లను పలకలుగా కోసి తీసుకుపోయారు. మిగిలిన సగం గుట్టమీద కూడా డ్రిల్లింగు గుర్తులు వరుసగా ఉన్నాయి. పక్క గుట్టకు చేరాలంటే నడుమ రెండు మైళ్ల ఎండపొలాలు దాటాలి. సందు వదిలి రాని ప్రాణి అంతదూరం నడవలేదు.