వేగుచుక్క చుక్క కాదా?

సందేహం: తెల్లవారుజామున తూర్పున మెరిసేదాన్ని మా అమ్మ వేగుచుక్క అంటుంది. ఎనిమిదో తరగతి చదివే మా అబ్బాయేమో అది శుక్రగ్రహం, చుక్క అనడం తప్పు అంటాడు. ఎవరి మాట సరి? సూర్యుడి రాకను ముందే కనిపెట్టి చెబుతుంది కాబట్టి వేగులవాడి పోలికతో ఆ పేరు వచ్చిందా?

సమాధానం: అది శుక్రుడే, అందులో మీవాడి మాటకు తిరుగులేదు. చుక్క అనకూడదన్న దగ్గరే పేచీ. బడిలో నక్షత్రానికి చెప్పిన నిర్వచనాన్ని తెచ్చి చుక్కకు తగిలిస్తున్నాడు. చుక్క అంటే బిందువు. ముగ్గులో పెట్టేదీ, చూరు నుంచి కారేదీ చుక్కే. ఆకాశంలో మెరిసే బిందువూ అంతే. వెలుగు దాని సొంతమా, సూర్యుడి దగ్గర అరువు తెచ్చుకున్నదా అని ఆ మాట ఆరా తీయదు. తీస్తే తోకచుక్కకు కూడా వేరే పేరు వెతుక్కోవాలి!

ఆమాటకొస్తే గ్రహం అన్న మాట మాత్రం ఉన్నచోటే ఉందా? నవగ్రహాల్లో సూర్యచంద్రులున్నారు, భూమి లేదు. పాఠ్యపుస్తకంలోని ఎనిమిదింటిలో భూమి ఉంది, వాళ్లిద్దరూ లేరు.

ఇక వేగు. ఇవి రెండు వేరువేరు మాటలు. వేగులవాడిలోది గూఢచర్యం. వేగుచుక్కలోది తెల్లవారడం, వేగుజాములో ఉన్నదీ అదే. (బెండకాయలు వేగే వేగు మూడోది, దాని జోలికి పోవద్దు.) తమిళులు దీన్నే విడివెళ్ళి అంటారు. విడి అంటే తెల్లవారడం, వెళ్ళి అంటే శుక్రుడు. మీ ఊహ ముచ్చటగానే ఉంది గానీ వ్యుత్పత్తి మాత్రం అది కాదు.

పత్రికల్లో పేరున్న ప్రతివారినీ వేగుచుక్క అనేస్తున్నారు. తరవాత రాబోయే వెలుగుకు ముందు నడిచినవాళ్లకే ఆ పోలిక నప్పుతుంది. ఊరికే మెరిసేవాళ్లకు తార చాలు.

ఒక చిత్రం చెబుతాను. మన కంటికి శుక్రుడు సూర్యుడి నుంచి 47 డిగ్రీలకు మించి ఎడంగా పోడు. అందుకే నడిరాత్రి నెత్తిమీద కనిపించడు. కొన్ని నెలలు వేకువన తూర్పున, కొన్ని నెలలు మునిమాపున పడమట. మధ్యలో సూర్యుడి వెలుగులో కలిసి కనబడకుండా పోయే రోజులే, పెళ్లిళ్లు ఆపుకుని కూర్చునే శుక్రమూఢం. అది ఒకసారి రెండు నెలలు దాటుతుంది, మరోసారి వారం పది రోజుల్లో తీరిపోతుంది. అంటే పొద్దున చుక్కా సాయంత్రం చుక్కా ఒకటేనని పంచాంగం రాసేవాళ్లకు ఎప్పుడో తెలుసు.

మీ అబ్బాయిని ఒకరోజు వేకువనే లేపి నాయనమ్మ పక్కన నిలబెట్టండి. చుట్టూ చుక్కలు మినుకు మినుకుమంటుంటే ఇది మాత్రం నిలకడగా వెలుగుతుంటుంది. గ్రహమని గుర్తుపట్టేది అలాగే. అదే శుక్రుడు సాయంత్రం పడమట కనిపించినప్పుడు మీ అమ్మగారు వేగుచుక్క అన్నారనుకోండి, అప్పుడు వాడు తప్పుపడితే ఒప్పుకోవాల్సిందే.