జైలు సంగతి మూడు లైన్లు చాలు

కావలి,
ఆదివారం

అమ్మాయ్,

ఎమర్జెన్సీ మీద నీ కథ రెండుసార్లు చదివాను, రెండోసారి కోపంతో. "కారుచీకట్లు దేశాన్ని కమ్ముకున్న వేళ" అని మీ అమ్మమ్మ అంటుందా? కందుకూరులో అరుగు మీద చింతపండు గింజలు తీస్తూ? 1975 జూన్ 25 రాత్రి ఢిల్లీలో సంతకం పడితే పడింది. ఆవిడకు ఎమర్జెన్సీ వచ్చింది మీ తాతయ్యను జీపెక్కించిన రోజున. ఆయన సగం తిని లేచిన కంచంలో అన్నం ఆవిడ ఏం చేసింది? తిందా, బర్రె కుడితిలో వేసిందా? అడిగావా?

నాలుగో పేజీలో ఒక్క వాక్యం దగ్గర మాత్రం ఆగిపోయాను. విడుదలై వచ్చాక కూడా జీపు చప్పుడు వినబడితే తాతయ్య లేచి చొక్కా వేసుకునేవాడనీ, అందుకని అమ్మమ్మ ఉతికిన చొక్కా ఒకటి ఎప్పుడూ తలుపు పక్క మేకుకు తగిలించి ఉంచేదనీ. అంత సంగతిని ఒక్క లైనులో పారేసి, జైలుకు పది పేజీలిచ్చావు! ఆ జైలు నువ్వూ చూడలేదు, ఆవిడా చూడలేదు.

జైలు రాయాలంటే లోపలున్న మనిషి రాయాలి. మన నెల్లూరు కవి పట్టాభి భార్య, నటి స్నేహలతా రెడ్డి ఎమర్జెన్సీలో బెంగుళూరు జైల్లో డైరీ రాసుకుంది. ఉబ్బసం మనిషి. 1977 జనవరిలో పెరోల్ మీద వదిలిన అయిదు రోజులకే పోయింది. నెల్లూరు కోడలని చెప్పుకునేవాళ్లు కూడా లేరిప్పుడు.

ఇంకోటి. 1977లో అమ్మమ్మ ఓటు ఎవరికేసింది? ఉత్తరాదిన ఊడ్చిపెట్టుకుపోయిన కాంగ్రెస్‌కు అప్పటి మన ఉమ్మడి రాష్ట్రంలో 42కి 41 లోక్‌సభ సీట్లొచ్చాయి. ఆవిడా ఇందిరమ్మకే వేసుంటే దాచొద్దు.

మా పెద్దమ్మ స్కూలు టీచరు. ఎమర్జెన్సీలో కుటుంబ నియంత్రణ ఆపరేషన్లకు ఇద్దర్ని తెమ్మని పైనుంచి ఒకటే ఒత్తిడి. పాలేరు భార్య చేతులు పట్టుకుని మొగుణ్ణి ఒప్పించమంది. ఆ తర్వాత బతికినన్నాళ్లూ సంక్రాంతికి ఆమెకు చీర పెట్టేది, మొహం చూడకుండా. 1983లో ఇది కథగా రాస్తే ఒక ఎడిటరు గారు "చీర తీసెయ్యండి, చివర్లో టీచరు రాజీనామా చేస్తే పాఠకులకు ఊపొస్తుంది" అన్నాడు. అచ్చులో పేరు చూసుకోవాలన్న ఆశతో మార్చాను. పెద్దమ్మ చదివి, "నేనెప్పుడు మానేశానే ఉద్యోగం?" అంది. ఆ పత్రిక ఇప్పుడు లేదు, పీడా పోయింది.

ఏ పత్రికకు పంపాలో నన్నడక్కు. కందుకూరు వెళ్లి, ఆ మేకు గోడకింకా ఉందేమో చూసి రా.

ఆశీస్సులతో,
మీ అత్తయ్య